అన్నా మే వాంగ్

అన్నా మే వాంగ్ (జనవరి 3, 1905 - ఫిబ్రవరి 3, 1961) సుప్రసిద్ధ అమెరికన్ సినిమా నటి. చైనా సంతతికి చెందిన తొలి హాలీవుడ్ తారగా పేరు పొందింది. మూకీ చిత్రాలతో ఆరంభించి టాకీలలోను, రంగస్థలం మీద, టెలివిజన్‌లోను నటించింది. అంతర్జాతీయ ఖ్యాతి లభించినప్పటికీ, జాతి వివక్ష కారణంగా స్వదేశపు చిత్రాలలో ఈమెకు కథానాయిక పాత్రలు అరుదుగానే దక్కాయి.

బాల్యం

ఈమె అసలు పేరు వాంగ్ ల్యూ త్సాంగ్. కాలిఫోర్నియా రాష్ట్రంలోని లాస్ ఏంజెల్స్ నగరంలో జన్మించింది. పూర్వీకులు 19వ శతాబ్దం మధ్యకాలంలో దక్షిణ చైనాలోని తైషాన్ ప్రాంతం నుండి వలస వచ్చారు. తండ్రి వాంగ్ సామ్ సింగ్ లాండ్రీ నడిపేవాడు. 1882లో వచ్చిన చైనీయుల వలస నిషేధ చట్టం 1943 వరకు అమలులో ఉంది. అందువలన అమెరికాలోనే పుట్టిన వాంగ్ సైతం విదేశాలకు వెళ్ళేటప్పుడు తిరుగు ప్రవేశానికి ముందుగా అనుమతి పత్రం పొందవలసి వచ్చేది.

బాల్యం నుండి సినిమాలపై మక్కువతో ఈమె బడి మాని చిత్రీకరణలు చూడడానికి వెళ్ళేది. ఇది తండ్రికి నచ్చేది కాదు.

సినీ జీవితం

1919లో రెడ్ లాంటర్న్ చిత్రంలో దీపం పట్టుకొని నడిచే గుంపులో ఒకతెగా తెరపై కనిపించింది. తొలి టెక్నికలర్ చిత్రాలలో ఒకటైన టోల్ ఆఫ్ ది సీ (1922)లో కథానాయికగా నటించింది. థీఫ్ ఆఫ్ బాగ్దాద్ (1924)లో డగ్లస్ ఫెయిర్‌బ్యాంక్స్ సరసన బానిస యువతి పాత్ర విశేష గుర్తింపు తెచ్చింది.

అయితే భిన్న జాతుల మధ్య వివాహాన్ని కాలిఫోర్నియా చట్టం నిషేధించేది. తెరపై అటువంటి ప్రణయాన్ని చూపడానికి నిర్మాణ సంస్థలు వెనుకాడేవి. దానితో కుట్రలు పన్నే స్త్రీ, చివరకు ప్రాణాలు కోల్పోయే ప్రేయసి వంటి పాత్రలే ఈమెకు మిగిలాయి. విసిగిపోయి 1928లో ఐరోపాకు వెళ్ళింది. అక్కడ జర్మన్, ఫ్రెంచి భాషలు నేర్చుకుంది. బ్రిటిష్ చిత్రం పికడిల్లీ (1929)లో నటించి ప్రశంసలందుకుంది. లండన్ రంగస్థలంపై లారెన్స్ ఒలీవియర్‌తో కలసి నటించింది. తిరిగి వచ్చాక షాంఘై ఎక్స్‌ప్రెస్ (1932)లో మార్లిన్ డీట్రిచ్‌తో నటించింది.

గుడ్ ఎర్త్ వివాదం

పెర్ల్ బక్ రచించిన గుడ్ ఎర్త్ నవలను ఎం.జి.ఎం. సంస్థ చిత్రంగా తీసినప్పుడు, చైనా రైతు భార్య ఓ-లాన్ పాత్రను వాంగ్ ఆశించింది. రైతు పాత్రకు శ్వేతజాతీయుడైన పాల్ మునిని తీసుకున్నందున భార్య పాత్ర కూడా శ్వేతజాతి నటి లూయీస్ రైనర్‌కు దక్కింది. ఆ పాత్రకు రైనర్ ఆస్కార్ పురస్కారం పొందింది. ఇంటిని పాడుచేసే లోటస్ అనే ప్రతికూల పాత్రను వాంగ్ తిరస్కరించింది.

1936లో తొలిసారి చైనాను సందర్శించింది. తన జాతిని కించపరిచే పాత్రలు వేసిందని అక్కడ విమర్శలు ఎదురయ్యాయి. ఇక్కడ పరాయిది, అక్కడా పరాయిదే అయింది. తరువాత డాటర్ ఆఫ్ షాంఘై (1937)లో గౌరవప్రదమైన పాత్ర ధరించింది. రెండవ ప్రపంచ యుద్ధకాలంలో చైనా బాధితుల సహాయార్థం విరాళాలు సేకరించింది.

చివరి దశ

1951లో ఈమె ప్రధాన పాత్రధారిణిగా ప్రసారమైన ధారావాహిక, ఆసియా సంతతి వ్యక్తి నాయకత్వ పాత్ర పోషించిన తొలి అమెరికన్ టెలివిజన్ కార్యక్రమం. ఈమె వివాహం చేసుకోలేదు. 1961లో శాంటా మోనికాలో గుండెపోటుతో మరణించింది.

గుర్తింపు

1960లో హాలీవుడ్ వాక్ ఆఫ్ ఫేమ్‌లో ఈమె పేరిట నక్షత్రం ఏర్పాటైంది. 2022లో అమెరికా ప్రభుత్వం ఈమె ముఖచిత్రంతో 25 సెంట్ల నాణెం విడుదల చేసింది. అమెరికా నాణెంపై చోటు పొందిన తొలి ఆసియా సంతతి అమెరికన్ ఈమే.