మాయానగర నిర్మాత మాధవపెద్ది గోఖలే

చలనచిత్రం చూచినవారికి నటీనటులు గుర్తుంటారు; పాటలు గుర్తుంటాయి. ఆ నటులు నివసించిన ఇంటిని, నడచిన వీధిని ఊహించి నిర్మించినవారి పేరు మాత్రం ఏ కొద్దిమందికో తెలుస్తుంది. అట్టి కళాదర్శకులలో అగ్రగణ్యులు మాధవపెద్ది గోఖలే.

గోఖలే 1917లో గుంటూరు జిల్లా బ్రాహ్మణకోడూరులో జన్మించారు. మద్రాసు చిత్రకళా పాఠశాలలో దేవీప్రసాద్ రాయ్ చౌధురి వద్ద చిత్రలేఖనం అభ్యసించారు. 1940వ దశకంలో ప్రజాశక్తి పత్రికకు చిత్రకారులుగా పనిచేశారు. పాలకుర్తిలో చాకలి ఐలమ్మ విసునూరు దేశముఖును ఎదిరించి తన పంటను దక్కించుకొన్న కాలమది. తెలంగాణ రైతుల పోరాట వార్తలను పాఠకులకు అందించిన పత్రికలలో ప్రజాశక్తి ఒకటి. గోఖలే కుంచెతోపాటు కలం కూడా పట్టారు. పల్లెవాసుల బ్రతుకులను వారి నుడికారంలోనే చెబుతూ బల్లకట్టు పాపయ్య వంటి కథలు రచించారు.

సామాన్యుల ఇల్లూ వాకిలీ ఎరిగిన ఆ చూపే చలనచిత్రరంగంలో వారికి మూలధనమైంది. నాగిరెడ్డి, చక్రపాణి నెలకొల్పిన విజయా సంస్థ తొలి చిత్రం షావుకారు 1950లో వెలువడింది. అది పల్లెలోని ఇరుగుపొరుగు కుటుంబాల కథ. అక్కడ ప్రతి గోడా మనుషులు మసలిన గోడవలె కనిపించాలి. మరుసటి ఏటి పాతాళభైరవికి తోటమాలి ఇల్లు, ఉజ్జయిని రాజాంతఃపురం, మాంత్రికుని గుహ కావలసివచ్చాయి. కళాధర్‌తో కలిసి గోఖలే ఈ రెండు లోకాలకూ రూపం కల్పించారు.

1957లో విడుదలైన మాయాబజార్ వారి ప్రతిభకు పరాకాష్ఠ. కె.వి. రెడ్డి దర్శకత్వం వహించిన ఆ చిత్రానికి ద్వారకానగరం కావాలి. మద్రాసు స్టూడియోలో 50 అడుగుల వెడల్పు, 60 అడుగుల పొడవు గల స్థలంలో 300 చిన్న ఇండ్లు వెలిశాయి. ప్రతి ఇంటికీ విడిగా విద్యుద్దీపం అమర్చారు. మార్కస్ బార్ట్లీ ఛాయాగ్రహణంలో ఆ బొమ్మల ఊరు మహానగరమై భాసించింది.

కథలో ఘటోత్కచుని మాయానగరం ఒక పెండ్లి కోసం వెలసిన విడిది. పని తీరగానే మాయ వీడిపోతుంది. కళాదర్శకుని సృష్టికీ అదే గతి. చిత్రీకరణ ముగియగానే కట్టినదంతా విప్పివేయక తప్పదు. ఆ చోటనే మరొక కథకు మరొక ఇల్లు లేస్తుంది. నిలువదని తెలిసి కూడా కలకాలం నిలిచేదానివలె శ్రద్ధతో నిర్మించడం గోఖలే జీవితకాలపు సాధన. జగదేకవీరుని కథ (1961), గుండమ్మ కథ (1962) చిత్రాలలోనూ ఆ శ్రద్ధ సడలలేదు.

గోఖలే 1981లో కన్నుమూశారు. 2010లో మాయాబజార్ వర్ణచిత్రంగా మళ్లీ ప్రదర్శితమైంది. ఏనాడో విప్పివేసిన ద్వారకలోని దీపాలు, వాటిని వెలిగించిన చేతులు లేని కాలంలో, కొత్త తరం కన్నుల ముందు మరల వెలిగాయి.