టూసాన్ లూవెర్చర్

టూసాన్ లూవెర్చర్ (సుమారు 1743 - 1803 ఏప్రిల్ 7) హైతీ విప్లవ నాయకుడు, సేనాని, పరిపాలకుడు. కరేబియన్ సముద్రంలోని హిస్పానియోలా ద్వీపపు పడమటి భాగాన ఉన్న ఫ్రెంచి వలసరాజ్యం సెయింట్ డొమింగ్ (నేటి హైతీ)లో బానిసగా జన్మించి, అదే రాజ్యానికి గవర్నరు అయ్యాడు. తిరుగుబాటు చేసిన బానిసలను క్రమశిక్షణ గల సైన్యంగా తీర్చిదిద్ది స్పెయిన్, బ్రిటన్, ఫ్రాన్సు సేనలను వేర్వేరు సమయాలలో ఎదుర్కొన్నాడు. ఇతడు ఫ్రెంచి చెరలో మరణించిన తరువాత తొమ్మిది నెలలు తిరగకముందే హైతీ స్వతంత్ర దేశంగా అవతరించింది.

వలసరాజ్యం

18వ శతాబ్దపు చివరిలో సెయింట్ డొమింగ్ ప్రపంచంలోని అత్యంత సంపన్నమైన వలసరాజ్యం. ఐరోపా వాడుకునే పంచదారలో సుమారు 40 శాతం, కాఫీలో సగానికి పైగా ఇక్కడినుండే ఎగుమతి అయ్యేవి. ఈ సంపదకు మూలం బానిసల శ్రమ. 1789 నాటికి ఇక్కడ దాదాపు 5 లక్షల మంది బానిసలు ఉండగా, తెల్లవారు 40 వేలకు మించి లేరు. బానిసత్వం నుండి విముక్తులైన నల్లవారు, మిశ్రమ సంతతివారు కలిసి సుమారు 30 వేలమంది ఉండేవారు. చెరకు తోటలలో చాకిరీ ఎంత క్రూరంగా ఉండేదంటే, జననాలకంటె మరణాలే ఎక్కువగా ఉండి, ఆ లోటు పూడ్చడానికి ఏటా ఆఫ్రికా నుండి వేలాదిమందిని ఓడలలో తెచ్చేవారు. ఆ కారణంచేత విప్లవకాలం నాటికి బానిసలలో సగం మందికి పైగా ఆఫ్రికాలో పుట్టినవారే.

తొలి జీవితం

టూసాన్ ఉత్తర తీరంలోని కాప్ ఫ్రాన్సే పట్టణానికి దగ్గరలో ఉన్న బ్రేడా తోటలో జన్మించాడు. ఇతని తండ్రి పశ్చిమ ఆఫ్రికాలోని అల్లాడా (నేటి బెనిన్ దేశంలోనిది) నుండి బానిసగా తేబడినవాడు. టూసాన్ అనునది క్రైస్తవుల సకల పరిశుద్ధుల పండుగకు ఫ్రెంచి పేరు. చిన్ననాట మిక్కిలి బక్కగా ఉండేవాడు. పెరిగి పెద్దవాడై గుర్రపు స్వారీలో, పశువైద్యంలో, మూలికల పరిజ్ఞానంలో పేరు తెచ్చుకొని, తోట మేనేజరుకు బండి తోలేవాడుగా నియమితుడయ్యాడు. పొలంపని తప్పడంతో చదవడం నేర్చుకొనే అవకాశం కూడా కలిగింది. కాథలిక్కు మతాన్ని నిష్ఠగా పాటించేవాడు. భార్య పేరు సుజాన్.

విప్లవం మొదలయ్యేవరకు ఇతడు బానిసగానే ఉన్నాడని చాలాకాలం అనుకున్నారు. 20వ శతాబ్దపు రెండవ సగంలో వెలుగుచూసిన దస్తావేజులవలన 1776 నాటికే ఇతడు స్వేచ్ఛ పొందాడని, 1779లో 13 మంది బానిసలతో సహా ఒక కాఫీ తోటను కౌలుకు తీసుకొన్నాడని తెలిసింది. విముక్తి ప్రదాతగా పేరుపొందిన వ్యక్తి ఒకప్పుడు బానిసలచేత పని చేయించినవాడే. ఇతని తరువాతి విధానాలను అర్థం చేసుకోవడానికి ఈ సంగతి ఎంతో ముఖ్యమైనది. తోట లేనిదే దేశం లేదనే నమ్మకం ఇతనికి అనుభవంనుండి వచ్చింది.

తిరుగుబాటు

1791 ఆగస్టు 22 రాత్రి ఉత్తర మైదానంలో బానిసలు తిరగబడ్డారు. కొద్ది రోజులలోనే వందలాది తోటలు తగులబడ్డాయి. టూసాన్ వెంటనే అందులో చేరలేదు. తోట మేనేజరు కుటుంబాన్ని క్షేమంగా పంపివేసి, ఆ తరువాత తిరుగుబాటు నాయకుడైన బియాసూ శిబిరానికి వెళ్ళి మొదట వైద్యునిగా, పిదప సేనానిగా పనిచేశాడు.

1793లో ఫ్రాన్సుకు స్పెయిన్, బ్రిటన్‌లతో యుద్ధం రావడంతో, ద్వీపపు తూర్పు భాగాన్ని ఏలుతున్న స్పెయినువారు తిరుగుబాటుదారులను తమ సైన్యంలో చేర్చుకున్నారు. టూసాన్ వారి పక్షాన విజయాలు సాధించాడు. ఆ ఏడాది ఆగస్టు 29న చేసిన ప్రకటనలో లూవెర్చర్ అను పేరును ఉపయోగించాడు. ఫ్రెంచిలో దానికి తెరపు, ద్వారం అని అర్థం. ఆ పేరు రావడానికి కారణాలు పలువిధాలుగా చెబుతారు. సరిగా అదే రోజున ఫ్రెంచి కమిషనర్ సోంతోనా ఉత్తర ప్రాంతంలో బానిసత్వాన్ని రద్దు చేశాడు. 1794 ఫిబ్రవరి 4న పారిస్‌లోని జాతీయ కన్వెన్షన్ ఫ్రెంచి వలసలన్నిటిలోను బానిసత్వాన్ని రద్దు చేసింది. స్పెయిన్ గాని, బ్రిటన్ గాని అటువంటి మాట ఇవ్వలేదు. 1794 మే నెలలో టూసాన్ తన సైన్యంతో సహా ఫ్రాన్సు పక్షానికి మారాడు.

అధికారం

అక్కడినుండి ఇతని ఎదుగుదల వేగంగా సాగింది. 1796లో గవర్నరు లావోను బందీ చేసినవారినుండి విడిపించి ఉప గవర్నరయ్యాడు. 1797లో సర్వసేనాధిపతి అయ్యాడు. 1798లో బ్రిటిషువారు, పచ్చజ్వరానికి వేలాది సైనికులను కోల్పోయి, టూసాన్‌తో ఒప్పందం చేసుకొని ద్వీపాన్ని విడిచారు. దక్షిణాన మిశ్రమ సంతతి నాయకుడు ఆంద్రే రిగోతో 1799-1800లలో జరిగిన అంతర్యుద్ధంలో కూడా టూసాన్‌దే పైచేయి అయింది. ఇందులో అమెరికా నౌకాదళం ఇతనికి తోడ్పడింది. 1801 జనవరిలో ద్వీపపు తూర్పు భాగాన్ని కూడా ఆక్రమించడంతో హిస్పానియోలా అంతా ఇతని ఏలుబడిలోకి వచ్చింది.

భూమి సమస్య

యుద్ధాలు గెలవడంకంటె గెలిచిన దేశాన్ని నిలబెట్టడం టూసాన్‌కు కష్టమైంది. ఆయుధాలు కొనాలంటే పంచదార, కాఫీ ఎగుమతి కావాలి. అవి పండాలంటే పెద్ద తోటలు నడవాలి. కాని విముక్తులైన జనం కోరినది వేరు. చిన్న చెక్క భూమిలో తిండిగింజలు, దుంపలు పండించుకొని, ఎవరి అజమాయిషీ లేకుండా బ్రతకాలన్నదే వారి ఆశ.

1800 అక్టోబరులో టూసాన్ చేసిన శాసనం వ్యవసాయ కూలీలను వారి పాత తోటలకే కట్టివేసి, సైనిక క్రమశిక్షణ కిందికి తెచ్చింది. పంటలో నాలుగవ వంతు వారికి వాటాగా లభించేది. కొరడా దెబ్బలు నిషిద్ధం. అయినా తోట విడిచి వెళ్ళే హక్కు లేదు. 1801 ఫిబ్రవరిలో మరొక ఉత్తర్వుద్వారా 50 కారోలకు (సుమారు 160 ఎకరాలు) తక్కువైన భూమి అమ్మకాన్ని నిషేధించాడు. నలుగురైదుగురు కూలీలు కలిసి చిన్న కమతం కొనుక్కునే దారి దీనితో మూసుకుపోయింది. పారిపోయిన తెల్ల యజమానులను తిరిగి రమ్మని ఆహ్వానించడం జనంలో అనుమానాలు పెంచింది.

1801 జూలైలో ప్రకటించిన రాజ్యాంగం బానిసత్వాన్ని శాశ్వతంగా రద్దు చేసింది. టూసాన్‌ను జీవితాంతం గవర్నరుగా నిర్ణయించింది. ద్వీపం ఫ్రాన్సులో భాగమేనని చెబుతూనే, ఫ్రాన్సు అనుమతికి ముందే దానిని అచ్చువేయించారు. అక్టోబరులో ఉత్తరాదిన కూలీలు తిరగబడగా, వారిపట్ల సానుభూతి గలవాడని పేరున్న సేనాని, టూసాన్ స్వయంగా మేనల్లునిగా చూసుకున్న మొయీజ్‌కు మరణశిక్ష విధించారు. తన బలానికి ఆధారమైన జనాన్నే టూసాన్ దూరం చేసుకున్నాడు. కొద్ది నెలలలో అసలైన ప్రమాదం వచ్చినప్పుడు ఈ లోటు స్పష్టంగా బయటపడింది.

నెపోలియన్ దండయాత్ర

నెపోలియన్ తన బావమరిది జనరల్ లెక్లెర్ నాయకత్వంలో పెద్ద నౌకాదళాన్ని పంపాడు. మొదటి విడతలో సుమారు 20 వేలమంది సైనికులు వచ్చారు. 1802 ఫిబ్రవరిలో వారు దిగుతుండగా, సేనాని క్రిస్టోఫ్ కాప్ ఫ్రాన్సే పట్టణాన్ని తగులబెట్టి వెనుకకు తగ్గాడు. ఫ్రాన్సులో చదువుకుంటున్న టూసాన్ కుమారులు ఇజాక్, ప్లాసిడ్‌లను లెక్లెర్ వెంట తెచ్చి, తండ్రిని ఒప్పించమని పంపించాడు. ఎటు నిలబడాలో మీరే నిర్ణయించుకొమ్మని టూసాన్ వారికి వదిలివేశాడు. ఇజాక్ ఫ్రాన్సు వైపు, ప్లాసిడ్ తండ్రి వైపు నిలిచారు.

మార్చిలో క్రెతాపియెరో కోటవద్ద సేనాని డెసలీన్ ఫ్రెంచివారికి తీవ్ర నష్టం కలిగించాడు. అయినప్పటికీ టూసాన్ సేనానులు ఒకరొకరుగా శత్రువుతో రాజీపడసాగారు. ఏప్రిల్‌లో క్రిస్టోఫ్ లొంగిపోయాడు. మే నెల మొదట్లో టూసాన్ కూడా సంధికి అంగీకరించి తన తోటకు వెళ్ళాడు.

నిర్బంధం, మరణం

1802 జూన్ 7న జనరల్ బ్రూనే చర్చలకని ఆహ్వానించి టూసాన్‌ను బంధించాడు. కుటుంబంతో సహా ఓడ ఎక్కించి ఫ్రాన్సుకు పంపారు. విచారణ జరగలేదు. భార్యాబిడ్డలనుండి వేరుచేసి, స్విట్జర్లాండు సరిహద్దుకు దగ్గరగా జూరా పర్వతాలలో ఉన్న జూ కోటలో ఉంచారు. ఉష్ణదేశంలో అరవై ఏళ్ళు గడిపినవానికి ఆ చలి భరించరానిది. పొయ్యికి కట్టెలు కూడా కొలిచి ఇచ్చేవారు. తోడుగా ఉన్న సేవకుని కూడా తీసివేశారు. తన చర్యలను సమర్థించుకుంటూ నెపోలియన్‌కు సుదీర్ఘమైన నివేదిక పంపినా జవాబు రాలేదు. 1803 ఏప్రిల్ 7న గదిలో చనిపోయి కనిపించాడు. భార్య సుజాన్ ఫ్రాన్సులోనే 1816లో మరణించింది.

తరువాత

టూసాన్‌ను తొలగిస్తే ప్రతిఘటన ఆగుతుందని లెక్లెర్ తలచాడు. కాని గ్వాడెలూప్ ద్వీపంలో ఫ్రెంచివారు బానిసత్వాన్ని పునరుద్ధరిస్తున్నారన్న వార్త చేరగానే జనం మళ్ళీ లేచారు. లొంగిపోయిన డెసలీన్, క్రిస్టోఫ్‌లు తిరిగి వారితో కలిశారు. లెక్లెర్ 1802 నవంబరులో పచ్చజ్వరంతో మరణించాడు. 1803 నవంబరు 18న వెర్తియేర్ యుద్ధంలో ఫ్రెంచి సైన్యం ఓడిపోయింది. 1804 జనవరి 1న డెసలీన్ హైతీ స్వాతంత్ర్యాన్ని ప్రకటించాడు. ఫ్రాన్సు 1825 వరకు దానిని గుర్తించలేదు. గుర్తించినందుకు ప్రతిగా, పాత యజమానుల నష్టపరిహారంగా 15 కోట్ల ఫ్రాంకులు కోరింది. 1838లో ఆ మొత్తాన్ని 9 కోట్లకు తగ్గించారు. దానికై చేసిన అప్పులు హైతీని చాలాకాలం పీడించాయి. టూసాన్ అనుమతించని భూపంపిణీ మాత్రం దక్షిణ హైతీ అధ్యక్షుడు పేషియోన్ కాలంలో మొదలైంది.

ఆంగ్లకవి వర్డ్స్‌వర్త్ టూసాన్‌పై ఒక సానెట్ వ్రాశాడు. ట్రినిడాడ్ రచయిత సి.ఎల్.ఆర్. జేమ్స్ 1938లో ప్రచురించిన ది బ్లాక్ జాకోబిన్స్ ఈ విప్లవంపై ప్రసిద్ధ గ్రంథం. 1998లో పారిస్‌లోని పాంథియోన్‌లో టూసాన్ పేరిట స్మారక ఫలకాన్ని అమర్చారు. హైతీ రాజధాని పోర్ట్-ఓ-ప్రిన్స్ విమానాశ్రయానికి ఇతని పేరు పెట్టారు. జూ కోటలో ఇతడుండిన గది సందర్శకులు చూడవచ్చు. సమాధి జాడ మాత్రం మిగలలేదు.