తెలుగు తెర తొలి కథానాయిక సురభి కమలాబాయి

సినిమా పాట వినని రోజు మనకు ఉండదు. కానీ తెలుగు టాకీలో మొట్టమొదట పాడి, మాట్లాడి, జనం చేత కన్నీళ్ళు పెట్టించిన కథానాయిక ఎవరని అడిగితే మన యువతలో చాలామంది పేరు చెప్పలేరు. ఆమె సురభి కమలాబాయి. ఊరూరా తిరిగి నాటకాలాడి బతికిన కుటుంబాల ఆడబిడ్డ. ఆ సినిమాకు పాటలు రాసిన చందాల కేశవదాసు మన ఖమ్మం జిల్లా జక్కేపల్లి వారు. అందుకే ఈ సంచికలో ఆమెను తలుచుకుంటున్నాం.

సురభి వారి పూర్వీకులు మరాఠా ప్రాంతం నుంచి వచ్చి తోలుబొమ్మలాట ఆడుకునేవారు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో వనారస గోవిందరావు గారి ఆధ్వర్యంలో కీచకవధ నాటకం ఆడారు. ఆ ఊరి పేరే వారి ఇంటిపేరులా నిలిచిపోయింది. ఆ కాలంలో మిగతా సమాజాల్లో ఆడవేషాలు మగవాళ్ళే కట్టేవారు. స్థానం నరసింహారావు గారి సత్యభామ అలాంటిదే. సురభి వారు మాత్రం తమ ఇంటి ఆడవాళ్ళనే రంగం మీద నిలబెట్టారు. ఆడది స్టేజీ ఎక్కితే లోకం చిన్నచూపు చూసే రోజులవి. వాళ్ళు వెనక్కి తగ్గలేదు.

కమలాబాయి ఇరవయ్యో శతాబ్దం తొలి ఏళ్ళలో పుట్టారు. తల్లి నిండు నెలలతో దమయంతి వేషం వేస్తూ స్టేజీ మీదే ఆమెను కన్నదని సురభి వారు నేటికీ చెప్పుకుంటారు. కమలాబాయికి నాటకమే బడి. పసితనంలో కృష్ణుడు, ప్రహ్లాదుడు వంటి బాలవేషాలు, పెద్దయ్యాక నాయికల వేషాలు వేశారు. పద్యం, పాట, అభినయం అన్నీ ఇంట్లోనే నేర్చుకున్నారు.

హెచ్.ఎం. రెడ్డి తొలి తెలుగు టాకీ భక్త ప్రహ్లాద తీయడానికి సురభి నటులను బొంబాయి పిలిపించారు. హిరణ్యకశిపుడిగా మునిపల్లె సుబ్బయ్య, ప్రహ్లాదుడి తల్లి లీలావతిగా కమలాబాయి నటించారు. 1932 ఫిబ్రవరి 6న ఆ సినిమా విడుదలైంది. అప్పట్లో ఒకరు పాడితే మరొకరు పెదవులు కదిపే పద్ధతి లేదు. కెమెరా ముందు నటిస్తూనే పాడాలి. వేలమంది ముందు మైకు లేకుండా పాడిన గొంతుకు అది కొత్త పరీక్ష. ఆమె నెగ్గారు. అదే ఏడు పాదుకా పట్టాభిషేకంలో సీతగా కనిపించారు. అది రాముడి వనవాసం కథ. పర్ణశాల పక్కన బతికే మనకు కొత్త కథ కాదు. తర్వాత కొన్నేళ్ళు బొంబాయిలోనే ఉండి హిందీ సినిమాల్లోనూ నటించారు.

వయసు మళ్ళాక తల్లి వేషాలకు మారారు. 1951లో వచ్చిన పాతాళభైరవిలో తోటరాముడి తల్లి ఆమే. ఆ సినిమా మనలో చాలామంది టీవీలో చూసే ఉంటారు, ఆ తల్లే తొలి కథానాయిక అని తెలియకుండా. 1971లో ఆమె కన్నుమూశారు.

ఇక్కడ మనం ఆలోచించాల్సిన మాట ఒకటుంది. భక్త ప్రహ్లాద ప్రతి నేడు ఒక్కటీ మిగల్లేదు. బొంబాయి స్టూడియోలో పెద్ద యంత్రాలతో పట్టిన గొంతే మనకు దక్కలేదు. మరి ఏ యంత్రమూ పట్టని మన రేలపాటలు, మన డోలి కథలు ఏమవుతాయి? సమ్మక్క సారలమ్మ కథను తరతరాల నుంచి నోటితోనే నిలిపిన మణుగూరు మండలం కూనవరం కళాకారుడు సకిని రామచంద్రయ్య గారికి 2022లో పద్మశ్రీ వచ్చింది. 2024లో ఆయనా వెళ్ళిపోయారు.

కమలాబాయికి ఇంటి విద్యే అన్నం పెట్టింది, దేశం చూపించింది. మన ఇళ్ళలోనూ ఆ విద్య ఉంది. ఈ పండక్కి ఊరు వెళ్ళినప్పుడు అవ్వ దగ్గర కూర్చుందాం. ఒక పాట అడిగి నేర్చుకుందాం. చేతిలోని ఫోనులో దాన్ని పట్టి, పాడినవారి పేరు, ఊరు పేరు కూడా చేర్చి దాచుకుందాం.