తేనెటీగలు నిలబెట్టిన ఉద్యోగం

డిగ్రీ మధ్యలో కోర్సు మారతానంటే ఇంట్లో ఏమంటారో మీకు తెలుసుగా! వియన్నాలో పేరున్న సర్జన్ కొడుకు కార్ల్ ఫాన్ ఫ్రిష్ ఆ పనే చేశారు. 1886లో పుట్టిన ఆయనకు చిన్నప్పటి నుంచీ జంతువులంటే పిచ్చి. మెడిసిన్‌లో చేరి, వదిలేసి జువాలజీకి వెళ్లిపోయారు.

చేపలు, కీటకాలు రంగులు చూడలేవని అప్పట్లో ఓ పెద్ద కంటి నిపుణుడు తేల్చేశారు. మరి పూలకు అన్ని రంగులెందుకు? కుర్ర ఫ్రిష్‌కు ఇది మింగుడుపడలేదు. రకరకాల బూడిదరంగు అట్టల మధ్య ఒక నీలం అట్ట పెట్టి, దానిమీదే చక్కెర నీళ్లు ఉంచారు. తర్వాత ఖాళీ గిన్నెలు పెట్టి, అట్టల చోటు మార్చినా తేనెటీగలు నీలం మీదే వాలాయి. ఎరుపు మాత్రం వాటికి ముదురు బూడిదరంగులాగే కనిపిస్తుందట.

తర్వాత మ్యూనిక్‌లో ప్రొఫెసర్ అయ్యారు. అంతా బాగుందనుకుంటుండగా 1941లో పిడుగు పడింది. ఆయన అమ్మమ్మ యూదు మూలాలున్న మహిళ అని నాజీ అధికారులు తేల్చారు. ఉద్యోగం పోయినట్లే! సరిగ్గా అప్పుడే నోసీమా అనే జబ్బుతో తేనెటీగలు కుప్పలుగా చచ్చిపోతున్నాయి. పరాగసంపర్కం లేకపోతే తోటల్లో కాయలెక్కడివి? దాని సంగతి తేల్చే పని ఫ్రిష్‌కు అప్పగించి, తొలగింపును యుద్ధం అయ్యేదాకా వాయిదా వేశారు. ఆలోపు నాజీలే పోయారు.

ఆ యుద్ధం మధ్యలోనే ఆయన తన పాత తప్పునూ దిద్దుకున్నారు. గుండ్రటి నాట్యం మకరందానికి, తోక ఊపే నాట్యం పుప్పొడికి గుర్తని 1920ల్లో ఆయనే చెప్పారు. కాదు, అసలు తేడా దూరంలో ఉందని 1944లో గమనించారు. ఆయనలో మెచ్చుకోవాల్సింది ఇదేననిపిస్తుంది. చీకటి గూట్లో, నిలువు పట్టు మీద ఈగ తోక ఊపుతూ నిటారుగా పైకి నడిస్తే ఆహారం సూర్యుడున్న దిక్కున ఉన్నట్టు. కుడికి 40 డిగ్రీలు ఒరిగితే సూర్యుడికి కుడివైపు 40 డిగ్రీల్లో. దూరం పెరిగేకొద్దీ నాట్యం నెమ్మదిస్తుంది. దాంతో మిగతా ఈగలు ఊరంతా వెతక్కుండా, పూలు వాడేలోపే అక్కడికి చేరిపోతాయి.

మబ్బు పట్టి సూర్యుడు కనిపించకపోతే? నీలాకాశం ముక్క ఒక్కటి కనిపించినా చాలు. మన కంటికి అందని ధ్రువిత కాంతిని బట్టి దిక్కు పట్టేస్తాయని 1949లో ఫ్రిష్ చూపించారు. 1973లో మరో ఇద్దరితో కలిసి ఆయనకు నోబెల్ వచ్చింది. అప్పటికి 90కి దగ్గర పడ్డారు. 1982లో కన్నుమూశారు.