మూగచిత్రాల నాటి తెలంగాణ కథానాయకుడు పైడి జైరాజ్

తొలితరం తెలుగు నటులను స్మరించవలసి వచ్చినప్పుడు మన చూపు సహజంగానే మద్రాసు వైపు మళ్లుతుంది. వేమూరి గగ్గయ్య, సి.ఎస్.ఆర్., చిత్తూరు నాగయ్య మనకు వెంటనే స్ఫురిస్తారు. వారందరికంటె ముందే, చలనచిత్రానికి ఇంకా నోరు రాని కాలంలోనే, బొంబాయి తెరపై కథానాయకుడుగా నిలిచిన తెలంగాణ బిడ్డ ఒకరున్నారు. ఆయనే పైడి జైరాజ్. బొంబాయి అనగానే మన పాలమూరు పల్లెలకు వలస బస్సులు జ్ఞప్తికి వస్తాయి గాని, ఈ పేరు జ్ఞప్తికి రాకపోవడం విచారకరం.

జైరాజ్ 1909 సెప్టెంబరు 28న నాటి హైదరాబాదు సంస్థానంలోని కరీంనగరంలో ఒక తెలుగు కుటుంబంలో జన్మించారు. ఇంటి భాష తెలుగు; కచేరీలోను, బజారులోను వినిపించే భాష ఉర్దూ. నిజాం కళాశాలలో చదువుతున్న రోజులలోనే ఆయనకు నాటకాలపై అభిరుచి కలిగింది. 1929లో, ఇరవై ఏండ్ల ప్రాయంలో, బొంబాయి చేరుకున్నారు. ఆ సంవత్సరమే ‘జగ్‌మగాతీ జవానీ’ అనే మూగచిత్రంతో ఆయన నటజీవితం ఆరంభమైంది. చక్కని రూపం, దృఢమైన దేహం ఉంటే నటుడికి ఆనాడు చాలావరకు సరిపోయేది. భాషతో పనిలేదు.

1931లో ‘ఆలం ఆరా’ విడుదలతో ఆ పరిస్థితి తారుమారైంది. తెర మాట్లాడసాగింది. మూగచిత్రాల మహారాణిగా వెలిగిన సులోచన హిందుస్తానీ నేర్చుకొనడానికి దాదాపు ఏడాదిపాటు తెరకు దూరం కావలసి వచ్చింది. ‘ఆలం ఆరా’ కథానాయకుడు మాస్టర్ విఠల్‌కే ఉచ్చారణ సరిగా లేనందున ఎక్కువ భాగం మాటలు లేకుండా సరిపెట్టారు. జైరాజ్‌కు ఆ అగ్నిపరీక్ష అంత కఠినం కాలేదు. 1932లో ‘షికారీ’తో ఆయన మాటల చిత్రాలలో ప్రవేశించారు. హైదరాబాదు గాలిలో అబ్బిన ఉర్దూయే ఆయనను గట్టెక్కించిందని నా విశ్వాసం. తెలుగింట పుట్టి ఉర్దూ నేర్వడం బరువని భావించే విద్యార్థులు ఈ విషయం గమనింతురుగాక!

విచిత్రమేమంటే, తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ తయారైనది కూడా బొంబాయిలోనే. 1932లో విడుదలైన ఆ చిత్రంలో సురభి నాటక సమాజం వారు నటించారు. పద్యం పాడగల రంగస్థల నటులకే నాటి తెలుగు టాకీలలో పెద్దపీట. జైరాజ్ ఆ సంప్రదాయంలో పెరిగినవారు కారు. ఆయన తెలుగు చిత్రాలలో నటించనే లేదు. నష్టం ఎవరిదంటే, ఉభయులదీ అనక తప్పదు.

బాంబే టాకీస్ వారి ‘భాభీ’ (1938) ఆయనకు మంచి పేరు తెచ్చింది. 1943లో ‘హమారీ బాత్’లో దేవికారాణి సరసన నటించారు. 1945లో ఆ సంస్థకే ‘ప్రతిమ’ చిత్రానికి దర్శకత్వం వహించారు. అందులో నాయకుడు అప్పటికి ఒకే ఒక్క చిత్రం చేసిన యువకుడు, దిలీప్ కుమార్! 1951లో ‘సాగర్’ అనే చిత్రం స్వయంగా నిర్మించారు.

అయితే ప్రేక్షకుల మనసులో ఆయన నిలిచింది వీరపురుష పాత్రల వలననే. ‘అమర్ సింగ్ రాథోడ్’ (1956), ‘పృథ్వీరాజ్ చౌహాన్’, ‘టిప్పు సుల్తాన్’ (1959), ‘వీర్ దుర్గాదాస్’ (1960) అటువంటివి. మన ఇండ్లలో పెద్దలు చెప్పే హాతిం తాయి కథ 1956లో రంగుల చిత్రంగా వచ్చినప్పుడు ఆ దానశీలి పాత్ర ధరించినదీ ఆయనే. రాజపుత్ర వీరుడుగాను, మైసూరు సుల్తానుగాను ఒకే నటుని ప్రజలు ఆదరించిన కాలమది.

వయసు పైబడినా ఆయన ముఖానికి రంగు వేసుకొనడం మానలేదు. నాయకుని స్థానం నుండి చిన్న పాత్రలకు దిగడం చాలామంది నటులకు మింగుడుపడదు. జైరాజ్ మాత్రం ఏ పాత్రనూ చిన్నతనంగా ఎంచలేదు. 1975 నాటి ‘షోలే’ను పదిమార్లు చూచినవారు సైతం అందులోని పోలీసు ఉన్నతాధికారి మూగచిత్రాల నాటి నాయకుడని గుర్తించి ఉండరు. 1980 సంవత్సరానికి భారత ప్రభుత్వం ఆయనకు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం ప్రకటించింది. 2000 ఆగస్టు 11న, తొంబది ఏండ్ల వయసులో, ముంబయిలోనే కన్నుమూశారు. తెలంగాణ రాష్ట్రం ఏర్పడిన పిమ్మట హైదరాబాదు రవీంద్రభారతిలోని చిన్న చిత్రప్రదర్శనశాలకు ఆయన పేరు పెట్టారు.