మన గోపన్నకు రూపమిచ్చిన నాగయ్యగారు

స్వర్ణోత్సవ సంచికకు వ్యాసం రాయమని సంఘం పెద్దలు అడిగినప్పుడు, మన జిల్లావారు కాకపోయినా మన నేలకొండపల్లి గోపన్నను తెరమీద నిలబెట్టిన నటుడి గురించి రాయాలనిపించింది. ఆయనే చిత్తూరు వి. నాగయ్యగారు.

1904లో గుంటూరు జిల్లా రేపల్లెలో పుట్టారు. ఇంటిపేరు ఉప్పలదడియం. చిత్తూరులో రామవిలాస సభ నాటకాలతో పేరు రావడంతో ఆ ఊరే ఆయన పేరులో కలిసిపోయింది. కొంతకాలం గుమాస్తాగా, పత్రికా విలేకరిగా కూడా పనిచేశారు. 1938లో ‘గృహలక్ష్మి’తో సినిమాల్లోకి వచ్చారు. మరుసటి ఏడాది బి.ఎన్.రెడ్డిగారి ‘వందేమాతరం’లో కథానాయకుడు. 1940లో ‘సుమంగళి’ నాటికి వయసు 36 ఏళ్లే అయినా, అందులో సంఘ సంస్కర్త అయిన వృద్ధుడిగా నటించారు. ‘దేవత’ (1941)లో పనిపిల్లకు అన్యాయం చేసిన యువకుడు, ‘స్వర్గసీమ’ (1945)లో నర్తకి మోజులో పడి భార్యాబిడ్డలను వదిలేసిన మనిషి ఆయనే.

ఆ మధ్యలోనే ‘భక్త పోతన’ (1942), తర్వాత ‘త్యాగయ్య’ (1946), ‘యోగి వేమన’ (1947) వచ్చాయి. పోతన నెమ్మది వేరు, త్యాగయ్య తన్మయత్వం వేరు. వేమన అయితే భోగలాలసుడిగా మొదలై విరాగిగా ముగుస్తాడు. ముగ్గురూ భక్తిమార్గం వారే కదా అని ఒకే ముఖం పెట్టుకుని నటించలేదు. తన పాటలు తానే పాడేవారు, సంగీతం కూర్చేవారు. ‘త్యాగయ్య’కు దర్శకత్వమూ ఆయనదే.

ఈ చిత్రాల తర్వాత జనం ఆయనను సాధుపుంగవుడిగానే చూడసాగారు. అది పెద్ద గౌరవమే. కానీ నా దృష్టిలో దానివల్ల ఆయనకు కొంత నష్టమూ జరిగింది. తప్పు చేసిన మనిషిని సైతం అంత సహజంగా చూపిన నటుణ్ణి మనం మరిచిపోయి, గడ్డం, తంబుర మాత్రమే గుర్తుపెట్టుకున్నాం.

60వ ఏట, 1964లో, ‘రామదాసు’ తీశారు. నటన, దర్శకత్వం రెండూ ఆయనవే. కబీరుగా గుమ్మడిగారు నటించారు. పాల్వంచ పరగణా తహసీల్దారుగా ఉన్న కంచర్ల గోపన్న సర్కారు పైకంతో భద్రాద్రి గుడి కట్టించి గోల్కొండ చెరసాల పాలైన కథ మన పిల్లలకు కొత్త కాదు. గుడి మీద ఖర్చుపెట్టిన గోపన్న చేతిలో ఏమీ మిగలలేదు. ఆయన పాత్ర వేసిన నాగయ్యగారి సంగతీ చివరికి అంతే అయింది. ఒకప్పుడు దక్షిణాదిలో ఎక్కువ పారితోషికం తీసుకున్న నటుల్లో ఒకరైన ఆయన, అడిగినవారికి లేదనకుండా ఇచ్చారు, సినిమాల మీదా పెట్టారు. చివరి రోజుల్లో చిన్నాచితకా వేషాలతో గడుపుకోవలసి వచ్చింది. అలాగని చిన్న వేషాన్ని ఆయన చులకనగా చేయలేదు. 1963 ‘లవకుశ’లో వాల్మీకిని చూసినవారికి ఆ మాట వేరే చెప్పనక్కరలేదు.

1965లో ప్రభుత్వం పద్మశ్రీ ఇచ్చింది. 1973 డిసెంబరు 30న కన్నుమూశారు. మద్రాసు పానగల్ పార్కులో ఆయన విగ్రహం ఉంది.

భద్రాచలం 1959లో మన ఖమ్మం జిల్లాలో కలిసింది. ఆ తర్వాత ఐదేళ్లకే వచ్చిన చిత్రమిది. రామదాసు కీర్తనలు మన బడిలో తరం తరువాత తరం పాడుతూనే ఉంది. ఆ పిల్లల్లో నాగయ్యగారి పేరు విన్నవారు ఇవాళ ఎందరున్నారు? అందుకే సంఘానికి నాదొక మనవి. వచ్చే శ్రీరామనవమి సెలవులకు ముందు ఒక సాయంత్రం బడి ఆవరణలో తెర కట్టి ‘రామదాసు’ వేద్దాం. వీలైతే మర్నాడు ‘స్వర్గసీమ’ కూడా వేద్దాం. ఇద్దరూ ఒక్కరేనని పిల్లలు తామే కనిపెట్టాలి.