యంత్ర శిల్పి అల్ జజరీ

నాసిరుద్దీన్ మహ్మూద్ అనే పాలకుడికి తాను వుజూ చేసుకునేటప్పుడు సేవకుడో, దాసియో చేతుల మీద నీళ్ళు పోయడం ఇష్టముండేది కాదు. ఆ పనికి ఒక సాధనం చేయమని తన ఆస్థాన యంత్రకారుణ్ణి ఆదేశించాడు. ఆయన కూజా పట్టుకున్న సేవకుడి బొమ్మను తయారుచేశాడు. లోపల దాచిన నీరు ఆ కూజా నుండి ధారగా పడేది. ఆ యంత్రకారుడే బదీవుజ్జమాన్ ఇస్మాయీల్ అల్ జజరీ.

దజ్లా, ఫురాత్ నదుల నడుమ ఎగువ ప్రాంతాన్ని అరబ్బులు జజీరా అనేవారు. జజరీ అనే పేరు దాన్నుండే వచ్చింది. నేటి తుర్కీలోని దియార్ బకర్ నగరాన్ని అప్పట్లో ఆమిద్ అనేవారు. అక్కడి అర్తుఖీ పాలకుల కొలువులో ఆయన పనిచేశారు. తండ్రినీ, ఆ తర్వాత ఇద్దరు కుమారులనూ వరుసగా సేవించారు.

ఆయన చేసిన ఏనుగు గడియారం మిక్కిలి ప్రసిద్ధం. ఏనుగు కడుపులో నీళ్ళ తొట్టి, ఆ నీటిపై తేలే గిన్నె, గిన్నె అడుగున కొలిచి పెట్టిన సన్నని రంధ్రం ఉంటాయి. అరగంటకు గిన్నె నిండి మునుగుతూ తాడును లాగుతుంది. పైనుండి ఒక లోహపు గుండు దొర్లి డేగ నోటి నుండి సర్పం నోట్లో పడుతుంది. ఆ బరువుకు సర్పం వంగి, మునిగిన గిన్నెను పైకి లేపుతుంది. మావటి ఏనుగు తలపై కొడతాడు. మళ్ళీ మొదటి నుండి అదే క్రమం.

ఇవన్నీ రాజుల వినోదానికేనని కొందరు అనుకోవచ్చు. కానీ నీటిని ఎత్తిపోసే యంత్రాలను, రెండు సిలిండర్ల పంపును కూడా ఆయనే వివరించారు. రాజభవనానికి ఇత్తడి తలుపు పోతపోశారు. బనూ మూసా సోదరులు మొదలైన పూర్వీకుల పనిని గౌరవిస్తూనే, చేసి చూడనిదాన్ని నమ్మలేదు.

తన చేతిపని వ్యర్థం కాకుండా గ్రంథం రాయమని మహ్మూద్ కోరాడు. 1206లో (హిజ్రీ 602) ఆ గ్రంథం పూర్తయింది. అందులో 50 సాధనాలు ఉన్నాయి. ప్రతిదానికీ బొమ్మ గీసి, కొలతలిచ్చి, ఏ భాగం ముందు బిగించాలో కూడా చెప్పారు. మరొక పనివాడు చదివి చేయగలగాలన్నదే ఆయన ఉద్దేశం. ఆ కోరిక నెరవేరింది కూడా. 1974లో గ్రంథం ఆంగ్లంలోకి వచ్చింది. 1976లో లండన్ సైన్స్ మ్యూజియంలో ఆయన కోట గడియారాన్ని తిరిగి నిర్మిస్తే అది నడిచింది.

ఆ రాజభవనం వైభవం ఏనాడో పోయింది. ఆయన దాచుకోకుండా రాసిపెట్టిన పనితనం మాత్రం మిగిలింది. మనలోనూ ఎందరో మేస్త్రీలు, మెకానిక్కులు తమ విద్యను ఎవరికీ చెప్పకుండానే కన్నుమూస్తున్నారు. జజరీ పేరు చెప్పుకొని గర్వించే మనం, ఆ విద్యను కనీసం ఒక్క కుర్రవాడికైనా నేర్పించే ఏర్పాటు చేయాలి. ఆయన పట్ల మనం చూపగల గౌరవం అదే.